ఒంట్లో లోహం ఉన్నవారు ఎంఆర్‌ఐకి వెళ్తుంటే: వేడెక్కడం, కాలిన గాయాల బారిన పడకుండా ఏం చేయాలి?

ఎంఆర్‌ఐ అనగానే అందరికీ గుర్తొచ్చేది అయస్కాంతం. మోకాలి కీలు మార్పించుకున్నవారు, తొడలో రాడ్ వేయించుకున్నవారు, గుండెకు స్టెంట్ ఉన్నవారు అడిగే మొదటి ప్రశ్న ఒకటే: "లోపలున్నదాన్ని మిషన్ లాగేస్తుందా?" దానికి తరచూ వినబడే జవాబు, "మీది టైటానియం, అయస్కాంతానికి అంటుకోదు, భయం లేదు" అని. లాగడం వరకూ ఆ మాట నిజమే. కానీ వేడి సంగతి అందులో లేదు. రాగి కూడా అయస్కాంతానికి అంటుకోదు, అయినా ఎంఆర్‌ఐ సొరంగంలో ఒంటిని తాకుతూ ఉన్న రాగి తీగ చర్మాన్ని కాల్చగలదు. అమెరికాలో మందులు, వైద్య పరికరాలను నియంత్రించే ఎఫ్‌డీఏకు అందే ఎంఆర్‌ఐ ప్రమాదాల నివేదికల్లో కాలిన గాయాలదే పెద్ద వాటా. వాటిలో చాలా వరకు ముందు జాగ్రత్తతో తప్పించగలిగినవే.

ఈ వ్యాసం స్కాన్‌కు వెళ్లేవారికీ, వాళ్ల వెంట వెళ్లేవారికీ. డాక్టరు, టెక్నీషియన్ చేసే నిర్ణయాలు మీరు చేయలేరు, చేయకూడదు కూడా. కానీ ఆ నిర్ణయాలకు కావలసిన సమాచారం చాలాసార్లు మీ దగ్గరే ఉంటుంది.

ముందుగా, వేడి ఎక్కడి నుంచి వస్తుందో తెలుసుకోండి

మిషన్‌లో మూడు రకాల క్షేత్రాలు పనిచేస్తాయి. ఎప్పుడూ ఆన్‌లో ఉండే పెద్ద అయస్కాంతం ఇనుము వంటి వాటిని లాగుతుంది. చకచకా మారే గ్రేడియంట్ క్షేత్రాలు ఆ టకటక చప్పుడుకు కారణం. మూడోది రేడియో తరంగాలు, మన సమస్య ముఖ్యంగా వీటితోనే. 1.5 టెస్లా (అయస్కాంతపు బలానికి కొలత) మిషన్‌లో ఇవి సుమారు 64 మెగాహెర్ట్జ్ దగ్గర, 3 టెస్లాలో సుమారు 128 మెగాహెర్ట్జ్ దగ్గర ఉంటాయి. ఆ శక్తిలో కొంత ఒంట్లో వేడిగా మారుతుంది. అది శ్రుతి మించకుండా మిషన్ లెక్క వేసుకుంటూ ఉంటుంది. అంతర్జాతీయ ప్రమాణం ప్రకారం మామూలు పద్ధతిలో ఒళ్లంతటి మీద సగటున కిలో బరువుకు 2 వాట్లు, వైద్య పర్యవేక్షణ అవసరమైన మొదటి స్థాయిలో 4 వాట్లు దాటకూడదు. ఈ కొలతను సార్ (ఎస్‌ఏఆర్) అంటారు.

ఇక్కడ ఒక మెలిక ఉంది. సార్ అనేది లోహం లేని ఒంటికి వేసిన లెక్క. మధ్యలో పొడవాటి తీగ ఉంటే అది యాంటెన్నాలా పనిచేస్తుంది. పొడవునా శక్తిని పోగు చేసుకుని, దాన్ని కొస దగ్గర, కొద్దిపాటి కండలో వదులుతుంది. ఒళ్లంతా చల్లగానే ఉంటుంది, సార్ హద్దు దాటదు, తీగ కొస దగ్గర మాత్రం కండ ఉడికిపోవచ్చు. అందుకే "సార్ తక్కువగానే ఉంది" అన్నంత మాత్రాన ఇంప్లాంట్ ఉన్నవారి విషయం తేలిపోదు.

పొడవు విషయంలో ఇంకొకటి. ఒంట్లో ఈ తరంగాల పొడవు గాలిలో కంటే చాలా తక్కువ. 1.5 టెస్లాలో సుమారు అర మీటరు, 3 టెస్లాలో అందులో సగం. తీగ పొడవు ఆ తరంగంలో సగానికి దగ్గరగా వచ్చినప్పుడు వేడి బాగా పెరుగుతుంది. అంటే స్థూలంగా 1.5 టెస్లాలో పాతిక సెంటీమీటర్ల తీగ, 3 టెస్లాలో పన్నెండు పదమూడు సెంటీమీటర్ల తీగ అనుమానించదగ్గవి. దీన్నిబట్టి ఒక సంగతి తేలుతుంది: 3 టెస్లాలో ఇబ్బంది లేకుండా స్కాన్ చేయించుకున్నవారికి 1.5 టెస్లాలో కూడా ఇబ్బంది ఉండదని చెప్పలేం. "పెద్ద మిషన్‌లోనే చేశారు, చిన్నదానిలో ఏమవుతుంది?" అనే తర్కం ఇక్కడ పనిచేయదు.

ఒంట్లోనూ ఒంటి మీదా ఏమున్నాయో రాసి పెట్టుకోండి

స్కాన్ సెంటర్‌లో ఒక ఫారం ఇస్తారు. దాన్ని అక్కడ కంగారుగా నింపకుండా, ముందురోజే ఇంట్లో కూర్చుని ఆపరేషన్లన్నీ గుర్తు తెచ్చుకోండి. చిన్నప్పటివి కూడా. పెద్దవాళ్ల విషయంలో ఇంట్లో మరొకరిని కూడా అడగాలి. చెవి వెనక పెట్టిన మిషన్, మెదడులో క్లిప్, కడుపులో మందు పంపు, గర్భాశయంలో కాపర్ టీ, ఎముకల్లో ప్లేట్లు, స్క్రూలు, బయటి నుంచి బిగించిన రాడ్ల చట్రం అన్నీ రాయండి.

ఎక్కువమంది మరిచిపోయేది వదిలేసిన తీగల గురించి. పేస్‌మేకర్ తీసేశాక, లేదా కొత్తది మార్చాక పాత తీగను గుండెలోనే వదిలేయడం మామూలే. దాన్ని బయటికి లాగడం ప్రమాదం కాబట్టి వదిలేస్తారు. రోగి మాత్రం "మిషన్ తీసేశారు, ఇప్పుడేమీ లేదు" అంటాడు. ఏ మిషన్‌కూ కలపకుండా ఉన్న తీగ, కలిపి ఉన్నదానికన్నా ఎక్కువగా వేడెక్కే సందర్భాలున్నాయి. వెన్నులో పెట్టిన స్టిమ్యులేటర్ల (నరాలకు చిన్న విద్యుత్ సంకేతాలు పంపే పరికరాల) సంగతీ అంతే. బ్యాటరీ తీసేశారంటే తీగలు కూడా తీశారా అని అడిగి తెలుసుకోండి. తెలియకపోతే ఒక మామూలు ఎక్స్‌రే చాలు, అనుమానం తీరిపోతుంది.

ఒంటి మీద ఉన్నవాటినీ అదే కాగితం మీద రాయండి: మందు ప్యాచ్‌లు, షుగర్ కొలిచే సెన్సర్, ఇన్సులిన్ పంప్, గుండె లయను రికార్డు చేసే హోల్టర్, వినికిడి మిషన్. మూత్రం గొట్టంలో, ఇతర గొట్టాల్లో ఉష్ణోగ్రత కొలిచే తీగ ఉన్న రకాలున్నాయి. ఆసుపత్రిలో ఉన్న రోగిని స్కాన్‌కు తీసుకువెళ్తుంటే ఈ ప్రశ్న నర్సును అడగడం మంచిది, ఎందుకంటే గొట్టం బయటికి ప్లాస్టిక్‌లాగే కనిపిస్తుంది.

కార్డు వెతకండి, మోడల్ నంబరు చూడండి

ఇంప్లాంట్ పెట్టినప్పుడు ఒక చిన్న కార్డు ఇస్తారు. పేస్‌మేకర్ ఉన్నవారు దాన్ని జేబులో పెట్టుకు తిరుగుతారు. మోకాలు, స్టెంట్ ఉన్నవారిది ఏ ఫైల్లోనో ఉంటుంది. అది దొరక్కపోతే డిశ్చార్జ్ సమ్మరీ, ఆపరేషన్ నోట్స్, వాటికి అంటించిన స్టిక్కరు చూడండి. కంపెనీ పేరు ఒక్కటే సరిపోదు, మోడల్ నంబరు కావాలి.

పేస్‌మేకర్, ఐసీడీ (గుండె లయ తప్పితే షాక్ ఇచ్చే పరికరం), మెదడు లేదా వెన్ను స్టిమ్యులేటర్ ఉన్నవారికి రెండు మోడల్ నంబర్లు కావాలి: ఒకటి ఒంట్లో పెట్టిన మిషన్ పెట్టెది, రెండోది తీగలది. మిషన్ ఎంఆర్‌ఐకి పనికివచ్చేదే అయినా తీగలు పాతవైతే ఆ జత మొత్తం పనికిరాదు. మిషన్ మార్పించుకున్నవారిలో ఇది తరచూ ఎదురయ్యే పరిస్థితి: పెట్టె కొత్తది, తీగలు పాతవి. కార్డు మీద పెట్టె పేరు మాత్రమే చూసి "ఇది ఎంఆర్‌ఐ పేస్‌మేకర్" అనుకోవడం తేలిక. అలా అనుకుని ముందుకు వెళ్లకండి.

గుర్తు రంగుతో ఆగిపోకండి, షరతులు చదవండి

ఇప్పుడు వాడే గుర్తులు మూడు. ఆకుపచ్చ చతురస్రంలో ఎంఆర్ అని ఉంటే అది ఏ ఎంఆర్‌ఐ గదిలోకైనా తీసుకువెళ్లదగ్గది. లోహమే లేని ప్లాస్టిక్ వంటి వస్తువులకే ఆ గుర్తు దక్కుతుంది. ఎర్ర వలయంలో అడ్డగీత ఉంటే లోపలికి వద్దు. పసుపు త్రిభుజం అంటే ఎంఆర్ కండిషనల్, షరతులతో అనుమతి. ఒంట్లో పెట్టే లోహ పరికరాల్లో నేడు చాలావరకు ఈ పసుపు త్రిభుజం కిందికే వస్తాయి. ఈ మాటల అర్థాలను ప్రమాణాలు రూపొందించే ఏఎస్‌టీఎం సంస్థ ప్రమాణం 2005లో స్థిరపరిచింది. అంతకుముందు "ఎంఆర్ కంపాటిబుల్" అని రాసేవారు. మీ పాత కాగితాల్లో ఆ మాట కనిపిస్తే దాన్ని నమ్ముకుని కూర్చోకండి, కంపెనీ నుంచి తాజా సూచనలు తెప్పించమని అడగండి.

పసుపు గుర్తు ఉన్నదాని షరతులు సాధారణంగా ఇలా ఉంటాయి: ఎన్ని టెస్లాలు, సార్ ఎంత దాటకూడదు, రేడియో తరంగాలు ఏ కాయిల్ (తరంగాలను పంపే, అందుకునే తీగచుట్ట) నుంచి వెళ్లాలి, ఒంట్లో ఏ భాగం స్కాన్ చేయవచ్చు, ఎంతసేపు, మధ్యలో ఎంత విరామం. కొత్త పరికరాలకు సార్ బదులు మైక్రోటెస్లాల్లో రేడియో క్షేత్రపు బలం ఇస్తున్నారు, దీన్ని బీ1 ప్లస్ ఆర్‌ఎంఎస్ అంటారు. మిషన్ తెరమీద ఈ అంకె కనిపిస్తుంది. టెక్నీషియన్ ఏ అంకెతో పోల్చుతున్నారన్నది ముఖ్యం.

"1.5 టెస్లాలో పర్వాలేదు" అని రాసి ఉంటే దానికి అర్థం 1.5లోనే అని, "1.5 లేదా అంతకంటే తక్కువ" అని కాదు. 0.55 టెస్లా మిషన్లు కూడా ఉన్నాయి. వాటిలో రేడియో శక్తి తక్కువే అయినా, ఆ పరికరాన్ని అక్కడ పరీక్షించి షరతుల్లో రాసి ఉంటేనే లెక్క.

మీది ఏ కోవకు చెందుతుందో చూసుకోండి

అన్ని ఇంప్లాంట్లూ సమానం కావు, అందరూ సమానంగా భయపడనక్కర్లేదు. స్టెంట్ పొట్టిగా ఉంటుంది, చుట్టూ రక్తం పారుతూ వేడిని తీసుకుపోతుంది. ఇప్పటి గుండె స్టెంట్లకు 3 టెస్లా వరకు, వేసిన వెంటనే కూడా స్కాన్ చేయవచ్చని అమెరికన్ హార్ట్ అసోసియేషన్ 2007లోనే చెప్పింది. పంటి ఫిల్లింగులు, క్యాపులు చాలావరకు బొమ్మను చెడగొట్టడమే తప్ప వేడితో బాధ పెట్టవు. ఎముకల్లోని ప్లేట్లు, కీళ్లు ఎక్కువమందిలో ఇబ్బంది లేకుండా నడిచిపోతాయి. అయితే పొడవాటి రాడ్ ఉన్న భాగం నేరుగా కాయిల్ మధ్యకు వచ్చే స్కాన్‌లో టెక్నీషియన్‌కు ముందే తెలిసి ఉండాలి. బయటి నుంచి బిగించిన చట్రం ఉంటే ఇంకా జాగ్రత్త: పిన్నులు చర్మం లోపలికి వెళ్లే చోట వేడి పోగవుతుంది.

అసలు భయం తీగలున్న వాటితోనే. 2005లో ఎఫ్‌డీఏ ఒక హెచ్చరిక జారీ చేసింది. నరాల స్టిమ్యులేటర్లు పెట్టుకున్నవారు ఎంఆర్‌ఐ తర్వాత కోమాలోకి వెళ్లడం, శాశ్వత నరాల నష్టం పొందడం వంటి ఘటనలు జరిగాయి. మెదడులోని ఎలక్ట్రోడ్ల కొస దగ్గర కణజాలం వేడెక్కడమే అందుకు మూలమని భావించారు. మెదడు కణజాలానికి నొప్పి తెలియదు. పక్కన కాలుతున్నా రోగికి తెలిసే మార్గం లేదు. "ఏదైనా అనిపిస్తే చెప్తాను లెండి" అనే ధీమా అందుకే ఇక్కడ సరిపోదు. గుండెలోని తీగ కొస వేడెక్కినప్పుడు కూడా నొప్పి కనిపించాలని లేదు. తర్వాత పరీక్షలో ఆ తీగ పనితీరు మారినట్టు తేలుతుంది, అంతే.

అలాగని పేస్‌మేకర్ ఉన్నవారికి తలుపులు మూసుకుపోలేదు. ఎంఆర్‌ఐకి అనువుగా తయారైన మొదటి పేస్‌మేకర్‌కు అమెరికాలో 2011లో అనుమతి వచ్చింది. అలా తయారుకాని పాత పరికరాలున్నవారి మీద జరిగిన మాగ్నాసేఫ్ పరిశోధన 2017లో వెలువడింది. వెయ్యి పేస్‌మేకర్, అయిదువందల ఐసీడీ కేసుల్లో, ఛాతీ కాక ఇతర భాగాలకు, 1.5 టెస్లాలో, ముందూ వెనకా పరికరాన్ని పరీక్షిస్తూ చేసిన స్కాన్లలో మరణాలు లేవు. కానీ వదిలేసిన తీగలున్నవారిని అందులో చేర్చుకోలేదు. ఎవరైనా "పాత పేస్‌మేకర్లకీ చేస్తున్నారుగా" అంటే ఈ షరతులు కూడా కలిపి చెప్పమనండి.

స్కాన్ తేదీ తీసుకునేటప్పుడే చెప్పేయండి

ఇంప్లాంట్ సంగతి ఆ రోజు గేటు దగ్గర చెబితే స్కాన్ వాయిదా పడుతుంది, లేదా హడావిడిలో ఎవరో ఒకరు "సరే కానివ్వండి" అంటారు. ఈ రెండోది మరీ చెడ్డది. ఫోన్ చేసినప్పుడే మోడల్ నంబర్లు చెప్పి, షరతులు చూసి తిరిగి చెప్పమనండి. కార్డు ఫొటో పంపించండి.

పేస్‌మేకర్, ఐసీడీ ఉంటే దాన్ని ఎంఆర్‌ఐ మోడ్‌లోకి మార్చే మనిషి ఆ రోజు అందుబాటులో ఉండాలి. స్టిమ్యులేటర్ ఉంటే ముందురోజు బ్యాటరీ నిండా చార్జ్ చేసి, మీ రిమోట్ వెంట తీసుకెళ్లండి. రిమోట్‌ను గది బయటే ఉంచాలి. స్కాన్‌కు ముందు తీగల నిరోధాన్ని కొలుస్తారు. ఎక్కడైనా తీగ తెగి ఉంటే అంకెల్లో పట్టుబడుతుంది. తెగిన తీగతో స్కాన్‌కు వెళ్లకూడదు.

మందు ప్యాచ్‌ల గురించి విడిగా చెప్పాలి. కొన్నింటి వెనక పొరలో సన్నని అల్యూమినియం ఉంటుంది, కంటికి కనిపించకపోవచ్చు. వీటివల్ల చర్మం కాలిన ఘటనల మీద ఎఫ్‌డీఏ 2009లో హెచ్చరించింది. స్కాన్‌కు ముందు తీయాలా, తర్వాత కొత్తది ఎప్పుడు వేసుకోవాలన్నది మందు రాసిన డాక్టరును అడగండి. నొప్పి మందు, గుండె మందు ప్యాచ్‌లు సొంతంగా తీసేయకండి.

బట్టలన్నీ మార్చేయండి

సెంటర్ వాళ్లు గౌను ఇస్తే మొహమాటపడకుండా లోదుస్తులతో సహా ఏవి మార్చమంటే అవి మార్చండి. చెమట వాసన రాకుండా వెండి పోగు, రాగి పోగు కలిపి నేసిన క్రీడా దుస్తులు చాలా ఉన్నాయి. చూపులకు మామూలు నూలు బట్టే. లోపల వేడెక్కి ఒంటికి అంటుకుని కాలుస్తుంది. ముక్కు దగ్గర లోహపు పట్టీ ఉన్న మాస్కు వల్ల ముఖం కాలిన ఘటన తర్వాత ఎఫ్‌డీఏ 2020 డిసెంబరులో దాని గురించీ చెప్పింది. మాస్కు వేసుకోవాలంటే పట్టీ లేనిది అడగండి. నగలు, పిన్నులు, జడలో అల్లిన తీగలు, అయస్కాంతంతో అంటుకునే కృత్రిమ కనురెప్ప వెంట్రుకలు అన్నీ తీసేయాలి. పచ్చబొట్టు, శాశ్వత మేకప్ ఉంటే చెప్పండి. ఎక్కువమందికి ఏమీ కాదు, కొందరికి అక్కడ మంట పుడుతుంది.

బరువు నిజం చెప్పండి. ఇది చిన్న విషయంలా కనిపిస్తుంది, కానీ మిషన్ సార్ లెక్కను ఆ అంకె మీదే వేస్తుంది. సిగ్గుపడి తగ్గించడమూ, అంచనాగా పెంచడమూ రెండూ లెక్క తప్పిస్తాయి. వీలైతే అక్కడే తూకం వేయించుకోండి.

పడుకునే తీరు దగ్గర మొండిగా ఉండండి

ఇంప్లాంట్ ఏదీ లేనివారికి కూడా కాలిన గాయాలవుతాయని చాలామందికి తెలియదు. రెండు చేతులూ పొట్ట మీద కలిపి పట్టుకుంటే, తొడలు లేదా పిక్కలు ఒకదానికొకటి తాకితే, అరచేయి తొడకు ఆనితే ఒంట్లోనే ఒక చుట్టు మూసుకుంటుంది. విద్యుత్తు ఆ చుట్టులో తిరిగి, చర్మం చర్మాన్ని తాకే చిన్న చోట మంట పెడుతుంది. కాబట్టి చేతులు విడిగా ఉంచండి, కాళ్లు ఒకదాని మీద ఒకటి వేయకండి, తొడల మధ్య, చేతులకూ ఒంటికీ మధ్య మెత్తలు పెట్టమని అడగండి. సొరంగం గోడకు మోచేయి, భుజం ఆనకూడదు. లావుగా ఉన్నవారికి ఇది ఎక్కువ అవసరం, అక్కడా మెత్త కావాలి. పలచని దుప్పటి మెత్తకు బదులు కాదు.

ఈసీజీ తీగలు, కాయిల్ తీగలు ఒంటి మీద చుట్టలు తిరిగి ఉండకూడదు, ఒకదాని మీద ఒకటి దాటకూడదు, చర్మాన్ని నేరుగా తాకకూడదు. వార్డులో అంటించిన ఈసీజీ స్టిక్కర్లు తీసేసి, ఎంఆర్‌ఐ కోసం తయారైనవి వేస్తారు. పాతవి వీపు మీదో పక్కటెముకల దగ్గరో ఒకటి మిగిలిపోతుంది. వెంట వెళ్లినవారు ఒకసారి తడిమి చూడండి.

లోపల ఉన్నప్పుడు

టెక్నీషియన్‌ను పిలవడానికి చేతిలో నొక్కే బల్బు ఒకటి పెడతారు. ఒకసారి నొక్కి, అవతల వినబడిందో లేదో చూసుకున్నాకే లోపలికి వెళ్లండి. ఒళ్లు కొంచెం వెచ్చబడటం సహజం, ఫ్యాన్ పెంచమని అడగవచ్చు. ఒక్కచోటే సెగ, చురుకు, జిల్లుమనడం, సూది గుచ్చినట్టు ఉండటం మాత్రం సహజం కాదు. వెంటనే నొక్కండి. "ఇంకో రెండు నిమిషాలే కదా, ఓర్చుకుందాం" అనుకోవడం మనవాళ్లకు అలవాటు, మంచి రోగి అనిపించుకోవాలని. కాలడానికి ఆ రెండు నిమిషాలు చాలు. చెప్పేటప్పుడు "వేడిగా ఉంది" అని ఆపేయకుండా ఎక్కడో చెప్పండి: "ఎడమ మోచేతి దగ్గర మండుతోంది" అంటే వాళ్లకు ఏ తీగ చూడాలో తెలుస్తుంది.

టెక్నీషియన్ దగ్గర కొన్ని దారులుంటాయి. రేడియో పల్సుల మధ్య వ్యవధి పెంచడం, పల్సు కోణం తగ్గించడం, ఎక్కువ శక్తి తీసుకునే సీక్వెన్సుల (స్కాన్ పద్ధతుల) బదులు తక్కువ తీసుకునేవి ఎంచుకోవడం, ఒకదానికీ మరొకదానికీ మధ్య విరామం ఇవ్వడం. దీనివల్ల స్కాన్‌కు ఎక్కువ సమయం పడుతుంది. ఇంప్లాంట్ ఉన్నవారు "త్వరగా అయిపోతుందా?" అని తొందరపెట్టకపోవడమే వాళ్లకు చేసే సాయం.

మత్తులో ఉన్నవారు, పసిపిల్లలు, మధుమేహంతో కాళ్లు మొద్దుబారినవారు, వెన్ను దెబ్బతిని కింద స్పర్శ లేనివారు బల్బు నొక్కలేరు, లేదా నొక్కాలని వారికి తెలియదు. వారి విషయంలో మెత్తలు, తీగలు, బట్టలు రెండోసారి చూడమని వెంట వెళ్లినవారే అడగాలి. జ్వరంతో ఉన్న పిల్లల్ని దుప్పట్లలో చుట్టి లోపలికి పంపకండి.

బయటికి వచ్చాక

చర్మాన్ని వెలుతురులో చూసుకోండి: తీగలు ఆనిన చోట, తొడల లోపలి వైపు, మోచేతులు, ఇంప్లాంట్ మీది చర్మం. ఎరుపు కనిపిస్తే అక్కడే చెప్పి రాయించుకోండి. బొబ్బ కొన్ని గంటల తర్వాత లేవవచ్చు, కాబట్టి రాత్రి మరోసారి చూడండి. లేస్తే పగలగొట్టకుండా డాక్టరుకు చూపించి, స్కాన్ చేసిన చోటికీ ఫోన్ చేయండి. వాళ్లకు తెలిస్తేనే మరొకరికి ఆ తీగ సరిచేస్తారు. తలలో లేదా వెన్నులో స్టిమ్యులేటర్ ఉన్నవారికి మాట తడబడటం, ఒక పక్క బలం తగ్గడం, విపరీతమైన తలనొప్పి కనిపిస్తే ఇంటికి వెళ్లి చూద్దామనుకోకండి, వెంటనే అత్యవసర విభాగానికి వెళ్లాలి.

పేస్‌మేకర్, ఐసీడీ, స్టిమ్యులేటర్‌ను మళ్లీ మామూలు మోడ్‌కు మార్చారా, తీగల అంకెలు ముందున్నట్టే ఉన్నాయా అని అడగండి. స్కాన్ సమయంలో ఐసీడీ షాక్ ఇవ్వకుండా ఆపి ఉంచుతారు. దాన్ని తిరిగి ఆన్ చేసినట్టు కాగితం మీద రాసి ఇచ్చేదాకా అక్కడి నుంచి కదలకండి.